తదితరులు

మదనపల్లె మార్కెట్ యార్డు పక్కగా బస్సు మలుపు తిరిగేటప్పుడు కిటికీలోంచి ఒక వాసన వస్తుంది. పండిన టమోటా, పగిలిన టమోటా, నిన్న పగిలి ఈరోజు పులిసిన టమోటా, మూడూ కలిసిన వాసన. పొరుగు జిల్లాలవాళ్ళు ముక్కుకు గుడ్డ అడ్డం పెట్టుకుంటారు. నేను కళ్ళు మూసుకుంటాను. ఆ వాసనకు నాకు టమోటాలు గుర్తుకురావు. నల్లదారం కట్టిన కళ్ళద్దాలు గుర్తుకొస్తాయి. వాటి పైనుంచి నన్ను చూసే రెండు చిన్న కళ్ళు గుర్తుకొస్తాయి. "ఎవరప్పా వీళ్ళు?" అన్న ఒక ప్రశ్న గుర్తుకొస్తుంది.

ఆ ప్రశ్న అడిగిన మనిషి పేరు చెంగల్రాయప్ప. కుప్పం మనిషి. హెడ్ కానిస్టేబులు, స్టేషన్ రైటరు. రైటరంటే కథలు రాసేవాడు కాదు. స్టేషనుకు వచ్చిన ఫిర్యాదును చదివి, విని, కేసుగా పుస్తకంలోకి ఎక్కించేవాడు. మీరెవరూ ఆయన్ను చూసి ఉండరు. చూసినా గుర్తుండడు. ఖాకీ బట్టలు తొడిగిన లెక్కల మాస్టరులా ఉండేవాడు. పాదంలో ఆనెలు ఉండడంతో తోలు బూట్లు తొడగలేక గుడ్డ బూట్లతో తిరిగేవాడు. పొడుం పీల్చేవాడు. పై అధికారి కేకలేస్తుంటే సరిగ్గా అప్పుడే తుమ్మేవాడు. ఆ తుమ్ముల్లో సగం నిజమైనవి కావని నా అనుమానం.

నా సంగతి కూడా కొంత చెప్పాలి. నాకు ఎనభై నాలుగేళ్ళు. నిజానికి డెబ్బై ఆరు. బస్సులో సీటు కోసం ఎనభై నాలుగు చెప్పడం అలవాటైపోయింది. ముప్పై ఐదేళ్ళు అర్జీలు రాసి బతికాను. ఏ స్టేషను ముందో చెప్పను. పుంగనూరుకూ మదనపల్లెకూ మధ్య ఎక్కడో ఒకచోట అనుకోండి. గేటుకు ఎదురుగా, జిరాక్సు అంగడి పక్కన, ఒక మడతబల్ల, ఒక కుర్చీ, ఒక గొడుగు. అర్జీల రెడ్డెప్ప రాస్తే జిల్లా ఎస్పీ కూడా లేచి నిలబడి చదువుతాడని జనం అనుకునేవాళ్ళు. జనం అనుకోలేదు, నేనే అనేవాణ్ణి. మూడేళ్ళు నేను అన్న తర్వాత జనం కూడా అన్నారు.

పెంచి రాయడం నా విద్య. నా బల్ల దగ్గరకు చెంపదెబ్బగా వచ్చింది హత్యాయత్నంగా లేచి వెళ్ళేది. ఒక మనిషి అరిస్తే "భయభ్రాంతులకు గురిచేసి". ఇద్దరు వస్తే "మూకుమ్మడిగా". చేతిలో ఏదున్నా "మారణాయుధాలతో". ఇక ఎదుటివాళ్ళ పేర్లు రాసేటప్పుడు చివర "తదితరులు" అని ఒక మాట తగిలించేవాణ్ణి. దాని వల్ల ఎవరికి ఏమవుతుందో నేను ఆలోచించిన పాపాన పోలేదు. ఆ మాట లేకపోతే పేర్ల వరుస తోకలేని గాలిపటంలా కనిపించేది నాకు. అంతే.

చెంగల్రాయప్ప బదిలీ మీద వచ్చిన మొదటి వారంలోనే సోమల నుంచి గంగులమ్మ అనే ఆమె వచ్చింది. తోటికోడలు కొట్టిందట. నా విద్యంతా చూపించి ఒక పేజీ నింపి ఇచ్చాను. పావుగంట తర్వాత కానిస్టేబులు వచ్చి రైటరు నన్ను కూడా లోపలికి రమ్మంటున్నాడని చెప్పాడు. మెచ్చుకోవడానికే అనుకుని చొక్కా సర్దుకుని వెళ్ళాను.

"మారణాయుధమని రాసినావే, అది యాడుండాది అప్పా? నేను జప్తు చేయల్ల గదా," అన్నాడు కాగితం మీదనుంచి కళ్ళెత్తకుండా.

నేను గంగులమ్మ వైపు చూశాను. గంగులమ్మ నేల వైపు చూసింది.

"ఏమ్మా, దేంతో కొట్టింది నిన్ను?"

"పొరకతో సామీ. ఇల్లూడ్చే పొరక."

"కొత్త పొరకా, పాత పొరకా?"

"అరిగిపోయిన పొరక సామీ. అందుకే మొద్దు గట్టిగా తగిలె."

"సరే. మూకుమ్మడి అని గూడా ఉండాది. మూక యాడమ్మా?"

"ఆ యమ్మొక్కతే సామీ. సంకలో బిడ్డ ఉన్నింది."

"బిడ్డ వయసెంత?"

"తొమ్మిది నెల్లు."

ఆయన చెవి మీది పెన్సిలు తీసి, "ఏ–టూ, రెండో ముద్దాయి, తొమ్మిది నెల్లు," అని మెల్లగా పలుకుతూ నా వైపు చూశాడు. స్టేషనంతా నవ్వింది. ఆయన నవ్వలేదు.

ఆ పొరకను తెప్పించి, దానికి చీటీ కట్టి, లక్కముద్ర వేసి బీరువాలో పెట్టాడని నేను చాలాకాలం చెప్పుకుని తిరిగాను. అది నా కల్పన. పొరక రాలేదు. తోటికోడళ్ళిద్దరూ మరుసటి రోజు ఒకే బస్సులో వచ్చి రాజీ చెప్పి వెళ్ళారు. కానీ ఏ–టూ సంగతి మాత్రం అక్షరాలా జరిగింది.

ఆ రోజు సాయంత్రం ఆయన నా బల్ల దగ్గరకు వచ్చి జనం కూర్చునే స్టూలు మీద కూర్చున్నాడు. తిడతాడనుకున్నాను. పొడుం డబ్బా తీసి, దాని మూత మీద వేలితో కొడుతూ అన్నాడు: "లాఠీ దెబ్బకి నూనె పూస్తే వారానికి మానతాది రెడ్డెప్పా. నీ కాయితం నా బీరువాలో ముప్పై ఏండ్లుంటాది." అని లేచి వెళ్ళిపోయాడు.

ఆయనకొక పద్ధతి ఉండేది. ఫిర్యాదు తెచ్చినవాళ్ళను ఎదురుగా కూర్చోబెట్టి, కాగితాన్ని పైకి చదివేవాడు. ప్రతి పేరు దగ్గరా ఆగేవాడు. తండ్రి పేరేమి, ఏ ఊరు, నీకెట్ల తెలుసు అని అడిగేవాడు. "తదితరులు" దగ్గరికి వచ్చేసరికి కళ్ళద్దాల పైనుంచి చూసి, "ఎవరప్పా వీళ్ళు? వీళ్ళ నాయన పేరేంది?" అనేవాడు. ఫిర్యాది తెల్లమొహం వేసేవాడు. ఆయన ఆ మాట కొట్టేసేవాడు కాదు. "కాయితం మనది కాదు గదా," అనేవాడు. "పోయి రెడ్డెప్పతో తిరిగి రాయించుకొని రా," అని పంపేవాడు. ఒకే అర్జీ నేను నాలుగుసార్లు తిరగరాసిన రోజులున్నాయి. నా కసికొద్దీ ఆయనకు పేరు పెట్టాను, "నాయన పేరు రైటరు" అని. ఆ పేరు ఊరంతా పాకింది. ఆయనకు తెలిసి సంతోషపడ్డాడు. దాంతో ఆ పేరులోని మజా పోయింది.

పోలీసు పనిలో రాజకీయం ఎక్కడ కూర్చుంటుందో నాకు చూపించినవాడు కూడా ఆయనే. ఎన్నికలు దగ్గరపడితే మైకుల్లో ఒకటే మాట: రౌడీలను ఉక్కుపాదంతో అణచివేస్తాం. ఏ పార్టీ మైకైనా అదే పాదం. మైకులో మాట వచ్చిన పదిరోజులకు పైనుంచి స్టేషనుకు ఫోన్లు వచ్చేవి, ఎన్ని రౌడీషీట్లు తెరిచారని. షీటంటే ఒక మనిషి పేరు మీద స్టేషన్లో తెరిచే కాగితాల కట్ట. అది తెరిచారంటే ఆ మనిషి వారం వారం వచ్చి సంతకం పెట్టాలి, ఎక్కడ ఏ గొడవ జరిగినా ముందు వాణ్ణే పిలుస్తారు. కోర్టు ఆ కేసు కొట్టేసినా షీటు దానంతట అది మూతపడదు. ఎవరో ఒకరు పనిగట్టుకుని మూయించాలి.

"ఉక్కుపాదం యాడ పడతాదో సూడు," అనేవాడు చెంగల్రాయప్ప. "సెప్పుల్లేనోడి కాలిమీదే." ఒకసారి బీరువా తెరిచి చూపించాడు. "గవర్నమెంటు మారిందంటే ఏమనుకున్నావు? ఈ అరలో కట్టలు ఆ అరకి పోతాయి, ఆ అరలోవి ఈ అరకి వస్తాయి. అడుగున ఉండేటివి మాత్రం కదలవు. వాళ్ళకి ఏ పార్టీ లేదు."

ఆ అడుగు అరలోకి నేనే ఒక మనిషిని పంపుతానని అప్పుడు నాకు తెలియదు.

ఆ ఏడు టమోటా ధర పడిపోయింది. కోతకూలి కూడా రాదని నిమ్మనపల్లె వైపు రైతులు ట్రాక్టర్లతో టమోటాలు తెచ్చి మదనపల్లె రోడ్డు మీద పారబోశారు. రెండు మైళ్ళ మేర వాహనాలు నిలిచిపోయాయి. అధికారంలో ఉన్న ఒక నాయకుడి జీపు కూడా అందులో ఇరుక్కుంది. నాయకుడు అందులో లేడు, డ్రైవరు నరసింహులు మాత్రం ఉన్నాడు. దారి ఇమ్మని హారన్ కొట్టాడు, మాటా మాటా పెరిగింది, ఎవరో జీపు అద్దం పగలగొట్టారు. నరసింహులు నేరుగా నా బల్ల దగ్గరకు వచ్చాడు. ముగ్గురు రైతుల పేర్లు చెప్పాడు. నేను ముగ్గురి పేర్లూ రాసి, అలవాటు చొప్పున నాలుగో మాట తగిలించాను. తదితరులు.

ఆ రోజు చెంగల్రాయప్ప సెలవులో ఉన్నాడు. కుప్పంలో ఏదో పని. ఆయన ఉంటే ఆ కాగితం వెనక్కి వచ్చేదే. ఆయన తిరిగి వచ్చేసరికి కేసు పుస్తకంలోకి ఎక్కిపోయింది, పైనుంచి ఫోన్లు కూడా వచ్చేశాయి. ఎన్నికలకు ఇంక కొన్ని నెలలే. ఇన్‌స్పెక్టరుకు పేర్లు కావాలి. "తదితరులు" అన్నది తలుపు తీసి పెట్టిన ఇల్లు. ఎవరినైనా లోపలికి తోయవచ్చు. అవతలి పార్టీకి తిరిగే ఐదుగురిని తోశారు. ఆరోవాడు కావలసి వచ్చాడు. పేపర్లో ఒక ఫోటో పడింది: రోడ్డంతా టమోటాలు, మధ్యలో రెండు చేతులా టమోటాలు పట్టుకుని వంగి ఉన్న ఒక మనిషి. కింద "టమోటాలు పారబోస్తున్న రైతు" అని రాశారు.

ఆ మనిషి రైతు కాదు. పేరు దస్తగిరి. పుంగనూరులో టెంపో నడిపేవాడు. ట్రాఫిక్కులో ఇరుక్కుని, దిగి, పారబోసిన టమోటాల్లో పగలని వాటిని ఏరుకుంటున్నాడు, ఇంట్లో కూరకు. పారబోయడానికి వంగినా ఏరుకోవడానికి వంగినా నడుము ఒకేరకంగా వంగుతుంది. ఫోటోలో తేడా తెలియదు.

అతని మీద ఒక్క కేసుకే షీటు తెరిచారు. చెంగల్రాయప్ప ఇన్‌స్పెక్టరు గదిలోకి వెళ్ళి, "ఒక కేసుకి షీటు యాల సార్?" అని అడిగాడట. లోపలినుంచి కేకలు వినిపించాయి. తుమ్ము వినిపించలేదు. ఆ రోజు తుమ్మలేదంటే ఆయనకు ఎంత కోపం వచ్చిందో నాకు అర్థమైంది.

దస్తగిరి అంతకుముందే బస్సు డ్రైవరు ఉద్యోగానికి పరీక్ష పాసై ఉన్నాడు. లైసెన్సు బాగుంది, కళ్ళు బాగున్నాయి, ఎత్తు సరిపోయింది. ఇక పోలీసుల నుంచి నడవడిక కాగితం ఒక్కటే మిగిలింది. ఆ కాగితం మీద ఉన్నది ఉన్నట్టు రాసి పంపారు: రౌడీషీటు కలదు. ఉద్యోగం ఆగిపోయింది. షీటు మూతపడితే మళ్ళీ చూస్తామన్నారు, వయసు దాటకముందు.

అప్పటినుంచి ప్రతి ఆదివారం పొద్దున దస్తగిరి సంతకం పెట్టడానికి వచ్చేవాడు. ఒక శనివారం చెంగల్రాయప్ప నాతో, "రేపు పొద్దున రా రెడ్డెప్పా, పనుండాది," అన్నాడు. వెళ్ళాను. వరండాలో బెంచీ మీద కూర్చోమన్నాడు. పక్కన దస్తగిరి ఉన్నాడు. గంటన్నర కూర్చున్నాను. ఆయన లోపల ఏదో రాసుకుంటూనే ఉన్నాడు. దస్తగిరి సంతకం పెట్టి వెళ్ళాక, "సరే, నువ్వు పో," అన్నాడు. తర్వాతి ఆదివారమూ అంతే. ఆ తర్వాతా అంతే.

పక్కపక్కన కూర్చున్నప్పుడు ఇద్దరు మనుషులు ఎంతసేపని మాట్లాడకుండా ఉంటారు! దస్తగిరి ఎప్పుడూ ఇస్త్రీ చొక్కాలో వచ్చేవాడు. పెళ్ళికి వెళ్తున్నట్టు ఈ వేషమేమిటని అడిగాను.

"ఉతికిన చొక్కా ఏసుకొని వస్తే కొత్త కానిస్టేబుళ్ళు నన్ను సాక్షి అనుకొని కుర్చీ ఏస్తారన్నా," అన్నాడు. "పేరు సెప్పినాక తీసేస్తారనుకో. అంతదాకా కూర్చోవచ్చు గదా."

నాలుగో ఆదివారం నేను లోపలికి వెళ్ళి, "ఏం పని సార్ నాకు? చెప్పకుండా తిప్పుతున్నారు," అని గట్టిగానే అడిగాను.

ఆయన తల ఎత్తాడు. "అదే పని."

"ఏది?"

"ఆయప్ప పక్కన కూర్చోవడం."

ఇక్కడ ఆగి, పైన రాసినదాన్ని ఒకచోట సరిదిద్దాలి. జీపు డ్రైవరు ఫిర్యాదు తెచ్చిన రోజు చెంగల్రాయప్ప సెలవులో ఉన్నాడని రాశాను. ఇన్నేళ్ళుగా అందరికీ అదే చెబుతున్నాను. మా ఇంట్లో కూడా అదే చెప్పాను. ఆయన సెలవులో లేడు. తన కుర్చీలోనే ఉన్నాడు. నరసింహులును ఎదురుగా కూర్చోబెట్టి, ఎప్పటిలాగే కాగితం పైకి చదివాడు. ముగ్గురి పేర్లూ, తండ్రుల పేర్లూ చదివాడు. "తదితరులు" దగ్గర ఆగాడు.

"ఎవరప్పా వీళ్ళు? ఇంకా ఎవురన్నా ఉండారా?"

"ముగ్గురే తెలుసు సార్ నాకు," అన్నాడు నరసింహులు. "జనమైతే శానామంది ఉండ్రి. ఎవురేం చేసినారో నేను సూళ్ళేదు."

చెంగల్రాయప్ప కాగితం వెనక్కి ఇవ్వబోయాడు. అప్పుడు గుమ్మంలో ఉన్న నేను అన్నాను: "ఉండారు సార్. నేను కండ్లారా చూసినాను. పదిమంది దాకా ఉండారు."

నేను ఆ రోజు రోడ్డు దగ్గర లేను. గొడవ జరిగే వేళకు ఇంట్లో జుట్టుకు రంగు వేసుకుని ఆరబెట్టుకుంటూ ఉన్నాను. మరి ఎందుకు అన్నాను? స్టాంపు కాగితాలు అమ్ముకునే లైసెన్సు కోసం ఏడేళ్ళుగా తిరుగుతున్నాను. మా అయ్యగారికి చెప్పి ఇప్పిస్తానని నరసింహులు బల్ల దగ్గర అన్నాడు. అది ఒక కారణం. రెండోది, నలుగురిలో నా కాగితం మళ్ళీ వెనక్కి రావడం నాకు ఇష్టం లేకపోయింది. ఏది పెద్ద కారణమో ఇప్పటికీ తేల్చుకోలేదు. రెండోదే అయి ఉంటుందని భయం.

"కండ్లారానా?" అన్నాడాయన.

"కండ్లారా."

ఆయన కాసేపు నన్ను చూశాడు. తర్వాత రాసుకున్నాడు. లైసెన్సు నాకు మూడు నెలల్లో వచ్చింది.

ఆదివారాల బెంచీ అలా రెండేళ్ళు నడిచింది. చెంగల్రాయప్ప ఒక్కసారి కూడా నోరు తెరిచి నువ్వు అబద్ధం చెప్పావనలేదు. ఈలోగా కోర్టులో కేసు వీగిపోయింది. నరసింహులు ఎవరినీ గుర్తుపట్టలేనన్నాడు. ప్రభుత్వం కూడా మారింది. ఆ ఐదుగురి షీట్లు ఎవరో సిఫారసు చేయగా మూతపడ్డాయి. దస్తగిరిది అడుగు అరలో ఉండిపోయింది. రైటరు రిటైరై కుప్పం వెళ్ళిపోయాడు. వెళ్ళే రోజు నా బల్ల దగ్గర ఆగి, పెన్సిలు నా చేతిలో పెట్టి, "కుప్పం శానా దూరం కాదు," అన్నాడు. నాకు ఆ దూరం వెళ్ళడానికి ఆరేళ్ళు పట్టింది.

నిజం ఒప్పుకోవడానికి నా అంతట నేనే బయలుదేరానని కూడా చాలామందికి చెప్పాను. అదీ కాదు. ఒక ఆదివారం పుంగనూరు బస్టాండులో దస్తగిరి ఎదురయ్యాడు, అదే ఇస్త్రీ చొక్కాలో. గడ్డంలో తెల్లవెంట్రుకలు. స్టేషనుకు పోతున్నాడు. "ఉద్యోగానికి వయసు ఈ ఏటితో దాటిపోతాదన్నా. ఇంక నాకు నక్కో, వద్దు ఆ ఆశ," అని, నన్నే ఓదారుస్తున్నట్టు భుజం తట్టి వెళ్ళిపోయాడు. నేను ఎక్కవలసిన బస్సు ఎక్కలేదు. కుప్పం బస్సు ఎక్కాను.

ఆయన ఇల్లు రైల్వే స్టేషను వెనక సందులో. భార్య రాజమ్మ తలుపు తీసి, నన్ను చూసి, లోపలికి తిరిగి, "వచ్చినాడు," అని మాత్రం అంది. ఎవరని ఆయన అడగలేదు. మంచం మీద లేచి కూర్చున్నాడు. చిక్కిపోయాడు. కళ్ళద్దాలకు అదే నల్లదారం.

"కాయితం తెచ్చినావా?" అన్నాడు.

"తెచ్చినాను సార్."

"ఆమా, తెస్తావు. రాయి."

"తిన్నాక రాయించుకోండి," అంది రాజమ్మ రాగిముద్ద, అనపకాయల పులుసు తెచ్చిపెడుతూ. "ఉత్త కడుపుతో నిజం రాదు ఎవరికీ."

తిని కూర్చున్నాను. జీవితంలో వేల అర్జీలు రాశాను, నా పేరుతో ఒక్కటీ రాయలేదు. రెండు పేజీలు నింపాను. డీఎస్పీగారి దివ్యసముఖమునకు అని మొదలుపెట్టి, నా అంతరాత్మ అనుక్షణం ఘోషించుచున్నందున అనే దాకా వచ్చాను. ఆయన వేలు పెట్టి అక్కడ ఆపాడు.

"అంతరాత్మ యాడుండాది? జప్తు చేయల్ల."

ఇద్దరమూ నవ్వాం. ఆయనకు దగ్గు వచ్చింది. దగ్గు తగ్గాక ఒక్కొక్క మాటా తీయించాడు. దివ్యసముఖం పోయింది. పశ్చాత్తాపం పోయింది. "దురదృష్టవశాత్తు" అని రాశాను, "ఎవురి అదృష్టం?" అని తీయించాడు. మధ్యాహ్నం దాటేసరికి రెండు పేజీలు నాలుగు వరుసలయ్యాయి. నేను రెడ్డెప్ప, తండ్రి చిన్నప్ప, అర్జీలు రాసేవాణ్ణి. ఫలానా ఫిర్యాదు నేను రాశాను. అందులో తదితరులు అనే మాట ఫిర్యాది చెప్పలేదు, నేను చేర్చాను. పదిమందిని చూశానని రైటరుతో అబద్ధం చెప్పాను. ఆ రోజు నేను అక్కడ లేను.

సంతకం పెట్టబోతుంటే ఆయన ఇంకో తెల్లకాగితం అడిగి తీసుకున్నాడు. తనే రాశాడు. రైటరుగా ఉన్న నేను తదితరులెవరని అడిగాను, ముగ్గురే తెలుసని ఫిర్యాది అన్నాడు, గుమ్మంలో ఉన్నవాడి మాట విని రాసుకున్నాను, నమ్మకుండానే రాసుకున్నాను.

"మీకెందుకు సార్ ఇది? పింఛను మీదికి వస్తే?" అన్నాను.

"నువ్వు సెప్పేది అబద్ధమని నీ నెత్తి సూస్తేనే తెలిసె గదప్పా. సెవి మీద నల్లరంగు కారతాండె. రోడ్డు మీద ఎండలో నిలబడినోడికి అది ఆరిపోయుండల్ల." కాగితం మడిచి నా చేతికిచ్చాడు. "తెలిసీ రాసినాను. ముందురోజే ఇన్‌స్పెక్టరుతో గొడవపడిండాను. ఇంకో గొడవ యాల అనుకున్నాను. అంతే."

అంటే రెండేళ్ళు ఆ వరండా బెంచీ మీద కూర్చున్నది ఇద్దరం కాదు, ముగ్గురం. ఒకరు లోపల కుర్చీలో కూర్చున్నారు.

మదనపల్లెలో డీఎస్పీ బల్ల మీద ఆ కాగితాలు విసిరికొట్టి, ఏం చేసుకుంటారో చేసుకోండి అన్నానని మా వీధిలో ప్రచారంలో ఉంది. ఆ ప్రచారం నాదే. నేను తపాలు తీసుకునే గుమాస్తా బల్ల మీద వాటిని పెట్టి, ఆయన తల ఎత్తేలోపు మెట్లు దిగేశాను. కుప్పానికి ఫోను చేసి చెబితే చెంగల్రాయప్ప, "అందినట్టు ముద్ర ఏయించుకున్నావా?" అన్నాడు. లేదన్నాను. "పో మళ్ళీ," అన్నాడు. మళ్ళీ వెళ్ళాను. ముద్ర వేయించుకున్నాను. నామీద కేసేమీ పెట్టలేదు; విచారణకు పిలిచి రెండు పూటలు కూర్చోబెట్టారు. స్టాంపు లైసెన్సును నేనే గాలికి వదిలేశాననడం కూడా అబద్ధం. గడువు అయిపోయింది, రెండుసార్లు దరఖాస్తు పెట్టుకున్నాను, ఇవ్వలేదు.

షీటు మూతపడడానికి ఇంకో పద్నాలుగు నెలలు పట్టింది. అప్పటికి దస్తగిరి వయసు దాటింది. మూసిన కాగితం నకలు తీసుకుని టెంపో స్టాండు దగ్గరకు నేనే వెళ్ళాను. చదువుకున్నాడు. నా నాలుగు వరుసల నకలు కూడా చూపించాను. అది రెండుసార్లు చదివాడు.

"ఇన్నేండ్లు యాడ పెట్టినావన్నా ఈ నాలుగు లైన్లు?" అన్నాడు.

 అతను జవాబు కోసం నిలబడలేదు. టెంపోలో సరుకు ఎక్కించే పని ఉంది, వెళ్ళాడు. ఆ తర్వాత ఏడాది నాతో మాట్లాడలేదు. ఒక ఆదివారం పొద్దున తనే మా ఇంటికి వచ్చి, "ఆదివారమైతే కాళ్ళు ఊరికే ఉండడంలేదన్నా. యాడికో ఒకతావుకి పోవల్ల," అని అరుగు మీద కూర్చున్నాడు. ఇప్పటికీ వస్తాడు. టీ తాగుతాం. పక్కపక్కన కూర్చుంటాం. అలవాటైన పనే గదా మా ఇద్దరికీ.

ఇప్పుడు చట్టాల పేర్లు మారాయి, సెక్షన్ల నంబర్లు మారాయి, ఫిర్యాదు ఫోనులోనే పెట్టుకోవచ్చంటున్నారు. మొన్న పక్కింటి అమ్మాయి తన స్కూటరు గొడవ కాగితం చూపించింది. కంప్యూటరు అక్షరాలు ముత్యాల్లా ఉన్నాయి. చివర "తదితరులు" ఉంది. ఎవరమ్మా వీళ్ళు అన్నాను. అట్లా రాస్తేనే బాగుంటుందన్నారు తాతా అంది. కూర్చోబెట్టి, పెన్సిలు తీసి, తిరగరాయించాను. ఆ అమ్మాయి దాన్ని అంతకుముందే స్టేషన్లో ఇచ్చేసి ఉంటే ఏం చేసేవాణ్ణో తెలియదు.

చెంగల్రాయప్ప పోయి ఏడాదైంది. కబురు వచ్చిన పొద్దున దస్తగిరి టెంపోలోనే కుప్పం వెళ్ళాం. ఇంటి దగ్గర ఒక స్థానిక నాయకుడు, ఒక అధికారి దండలు వేసి, ఫోటోకు నిలబడి, వెళ్ళిపోయారు. మరుసటి రోజు పేపర్లో నాలుగు వరుసల వార్త వచ్చింది. ఆ ఇద్దరి పేర్లూ రాసి, "తదితరులు నివాళులర్పించారు" అని ముగించారు. దస్తగిరి అది చదివి పగలబడి నవ్వాడు. "సూడన్నా, మళ్ళీ మనల్ని దాంట్లోనే ఏసినారు!"

గంగులమ్మ తన తోటికోడలితో సహా వచ్చిందనీ, ముప్పై ఏళ్ళు దాటిన ఏ–టూ పాడె మోశాడనీ రాస్తే ఈ జ్ఞాపకం ఎంత అందంగా ఉండేదో నాకు తెలుసు. చెయ్యి దురద పెడుతోంది. వాళ్ళు రాలేదు. వాళ్ళకు కబురే తెలిసి ఉండదు. ఆ రోజు ఆయన వెంట చివరిదాకా ఉన్నది ఎనిమిదిమంది. పేర్లు రాసి పెట్టుకున్నాను. రాజమ్మ, భర్త చెంగల్రాయప్ప. శ్మశానానికి ఆడవాళ్ళెందుకని ఎవరో అంటే, ఆయన కోసం ఇన్నేండ్లు స్టేషను బయట నిలబడి కాచుకున్నది చాలు అని వెంట వచ్చింది. కొడుకు గోవిందరాజు. పక్కింటి సెల్వం, తండ్రి మాణిక్యం. పాలు పోసే లక్ష్మీదేవి, భర్త మునిరత్నం. ఆయన కింద పనిచేసి రిటైరైన కానిస్టేబులు ఓబులేసు, తండ్రి గంగప్ప. గుంత తవ్విన మునెప్ప. తండ్రి పేరడిగితే, ఈ పనిలో ఎవరూ ఎప్పుడూ అడగలేదని నవ్వి, నారాయణప్ప అన్నాడు. రెడ్డెప్ప, తండ్రి చిన్నప్ప. షేక్ దస్తగిరి, తండ్రి హుసేన్ సాబ్, పుంగనూరు, డ్రైవరు.